మా ఇంట్లో ఎన్ని పొయ్యిలు?

2011 ఫిబ్రవరిలో జనాభా లెక్కల కోసం ఒక పంతులమ్మ మా ఇంటికొచ్చారు. ఒడిశాలో ఉన్న మా బరంపురం పాత వీధుల్లో ఇళ్ళు చూసినవాళ్ళకి తెలుసు, వీధిలోంచి చూస్తే ఒక అరుగు, ఒక తలుపు, అంతే. లోపలికి నడిస్తే రైలుపెట్టెలా గది వెనక గది, గది వెనక గది, చివర పెరడు, పెరట్లో నుయ్యి. ఆ అరుగు మీద కూచుని ఆవిడ కాగితాలు విప్పి, ఈ ఇంట్లో ఎన్ని కుటుంబాలు అని ఒడియాలో అడిగారు. మా అత్తయ్య "ఒక్కటే" అంది. అరుగు చివర పేపర్ చదువుతున్న మా బావగారు తలెత్తకుండా "మూడు" అన్నారు. తలుపు వెనక నిలబడ్డ నేను, టెక్కలి నుంచి వచ్చి రెండేళ్ళు కూడా నిండని కోడల్ని, మనసులో "రెండు" అనుకున్నాను. పంతులమ్మకి ఇలాంటివి మామూలే అనుకుంటాను, పెన్ను ఎత్తి "చులి కెతోటి?" అని అడిగారు. పొయ్యిలెన్ని అని. రెండు. రెండే రాసుకుని వెళ్ళిపోయారు.

అబద్ధం చెప్పింది ఎవరూ కాదు. అత్తయ్య ఇల్లు లెక్కపెట్టింది. బావగారు ముగ్గురన్నదమ్ముల వాటాలు లెక్కపెట్టారు. నేను పొయ్యిలు లెక్కపెట్టాను, ఎందుకంటే ఆ ముందటి దసరాకే బావగారి వంట వేరైంది, మా చిన్న మరిదికి అప్పటికి పెళ్ళి కాలేదు కాబట్టి అతనూ అత్తయ్యా మాతోనే తినేవారు. జనగణన వాళ్ళకి కావలసింది కూడా ఇదే. కలిసి ఉంటూ ఒకే వంట తినేవాళ్ళే వాళ్ళ లెక్కలో ఒక కుటుంబం, చుట్టరికంతో పని లేదు, కప్పు ఒకటే అయినా పని లేదు.

ఉమ్మడి కుటుంబం మంచిదా చెడ్డదా అన్న చర్చ ఎప్పుడు మొదలైనా నాకు విసుగొస్తుంది, అసలు ఏది ఉమ్మడి అన్నది తేల్చకుండా మాట్లాడతారు కాబట్టి. కప్పు ఉమ్మడి కావచ్చు, పొయ్యి కాకపోవచ్చు. పొయ్యి ఒకటే అయి డబ్బు ఎవరిది వాళ్ళదే కావచ్చు. డబ్బూ పొయ్యీ వేరై ముప్పై ఏళ్ళైనా కాగితాల్లో ఆస్తి ముక్క కాకుండా ఉండొచ్చు. అన్నీ తెగిపోయి కోర్టులో ఎదురెదురుగా కూర్చున్నవాళ్ళకి కూడా ఇంట్లో చావు జరిగితే మైల ఒకటే. వీటిలో ప్రతిదీ దాని సమయానికి అది విడిపోతుంది, ఒకటి తెగిందని రెండోది తెగినట్టు కాదు. గొడవల్లో సగం ఇక్కడే పుడతాయి: ఒకరు పొయ్యి గురించి మాట్లాడుతుంటే ఇంకొకరికి ఆస్తి గురించి వినిపిస్తుంది.

పొయ్యి దగ్గరే మొదలుపెడతాను, అది నాకు బాగా తెలిసిన చోటు.

మా ఇంట్లో మొదట్లో వారం వంతు ఉండేది. ఒక వారం మా తోడికోడలు వండితే (నేను అక్కా అంటాను) నేను కూరలు తరగడం, గిన్నెలు తోమడం. మరుసటి వారం అటుది ఇటు. వినడానికి సమానంగానే ఉంటుంది. కానీ ఆవిడ వంతు వారంలో ఇంటికి చేపలొచ్చేవి, నా వంతు వారంలో తోటకూర వచ్చేది, ఎందుకంటే బజారుకి వెళ్ళేది బావగారు. దీని గురించి నేను ఇంతవరకు ఎవరితోనూ అనలేదు, ఇదే మొదటిసారి. పప్పులో ఉప్పు ఎక్కువైన రోజు అత్తయ్య "ఏటమ్మా, ఇవాళ ఎవరి వంతు?" అని అడిగేది, తక్కువైన రోజు మాత్రం ఎవరినీ అడక్కుండా తనే వేసుకునేది. ఇలాంటివి చిన్నవే, కానీ రోజుకి మూడు పూటలు.

అయితే మా పొయ్యి తెగింది ఉప్పు వల్లా కాదు, చేపల వల్లా కాదు, పిల్లలు తాగే పాల వల్ల. అక్కకి ముగ్గురు పిల్లలు, ముగ్గురూ బడికెళ్ళే వయసు. మాకప్పటికి పిల్లల్లేరు. ఖర్చు మాత్రం అన్నదమ్ములిద్దరూ సగం సగం. బయటివాళ్ళెవరైనా ఏమనుకుంటారు, తక్కువ తిని ఎక్కువ ఇస్తున్న మేం వేరు పడదామని ఉంటాం అనుకుంటారు. అన్నది బావగారు. ఒకరోజు రాత్రి భోజనం దగ్గర, మా ఆయన ముఖం చూడకుండా, "మేం ఐదుగురం తింటున్నాం, నువ్విచ్చేది సగం, ఇది బాగాలేదురా" అన్నారు. ఎదుటివాడి రుణంలో రోజూ అన్నం తినడం ఆయనకి కష్టమనిపించింది. మా ఆయన "అదేటన్నయ్యా" అన్నాడు గానీ, నేను గమనించాను, వద్దని గట్టిగా మాత్రం అనలేదు. వేరు పడ్డ ఇళ్ళ గురించి వినేటప్పుడు అందరూ ఎవరు స్వార్థపరులని వెతుకుతారు. చాలా ఇళ్ళల్లో మొదటి మాట అనేది మొహమాటం ఎక్కువున్న మనిషే.

ఇందులో చిక్కు లెక్కల్లో ఉంది. ఆస్తి అన్నదమ్ముల లెక్కన పంచుకుంటారు, ఒకడికి ఐదుగురు పిల్లలున్నా ఇంకొకడికి ఎవరూ లేకపోయినా వాటా వాటాయే. అన్నం తలల లెక్కన అయిపోతుంది. రేషను కూడా తలల లెక్కే, 2013 ఆహార భద్రత చట్టం కింద మామూలు కార్డుకి మనిషికి నెలకు ఐదు కిలోలు. ఈ రెండు లెక్కల్నీ ఒకే ఇంట్లో, ఒకే పుస్తకంలో రాయాలని చూసినప్పుడు ఎంత మంచి అన్నదమ్ములకైనా మొత్తం కలవదు. మా మామగారు ఉన్నప్పుడు కలిసేది, ఎందుకంటే పుస్తకమే లేదు, అందరి డబ్బూ ఆయన చేతికొచ్చేది, ఆయన చేతిలోంచే పోయేది, ఎవరెంత తిన్నారన్న ప్రశ్నే రాదు. ఆయన 2007లో పోయాక మూడేళ్ళకి పొయ్యి తెగింది. మూడేళ్ళు ఆగిందే గొప్ప.

పొయ్యి వేరయ్యే ముందు ఇల్లు కొన్ని గుర్తులు చూపిస్తుంది. ఎవరి గదిలోకో చిన్న ఫ్రిజ్ వస్తుంది. బిస్కెట్ డబ్బాలు వంటింటి అలమార నుంచి పడకగది అలమారలోకి వెళ్తాయి. ఒక గదికి ఏసీ వచ్చిన నెల కరెంటు బిల్లు అరుగు మీద మూడు రోజులు అలాగే పడి ఉంటుంది, ఎవరూ ముట్టుకోరు. ఏసీ వచ్చిన ఇంట్లో రెండో మీటరు రావడానికి మా వీధిలో ఏడాది ఎక్కడా పట్టలేదు. ఇప్పుడు మా గోడకి మూడు మీటర్లున్నాయి.

ఒకటి మాత్రం విడిపోలేదు. ఎండాకాలం రాత్రి అత్తయ్య పెద్ద గిన్నెలో అన్నం వేసి నీళ్ళు పోసి మూతపెడుతుంది. నేను దాన్ని చద్దన్నం అంటాను, మా పిల్లలు పొఖాళొ అంటారు. పొద్దున్న బడికెళ్ళే ముందు అన్ని పొయ్యిల పిల్లలూ ఆ గిన్నె చుట్టూ చేరతారు, ఉల్లిపాయ, పచ్చిమిరపకాయ, కాల్చిన బడి (వడియం) ఒకటి నలుపుకుని. ఆ బియ్యం ఎవరివని ఇన్నేళ్ళలో ఎవరూ అడగలేదు. అత్తయ్య కార్డు మీద వచ్చే బియ్యం అనుకుంటాను, అదీ ఎందుకంటే చట్టం ప్రకారం రేషను కార్డుకి ఇంటి పెద్ద ఆ ఇంట్లో పద్ధెనిమిది నిండిన ఆడవాళ్ళలో పెద్దావిడ. భూమి కాగితాల్లో ఇంటి పెద్ద బావగారు, బియ్యం కాగితాల్లో అత్తయ్య.

ఇక డబ్బు. ఈ గంజాం ప్రాంతంలో మగవాళ్ళు ఊళ్ళో ఉండి సంపాదించడం తక్కువ. పూర్వం గోపాలపురం రేవు నుంచి ఓడెక్కి బర్మా పోయేవారు, మా వైపు ఇప్పటికీ పెద్దవాళ్ళు రంగూన్ అనరు, రంగం అంటారు. మా మామగారి తాత రంగం వెళ్ళి తెచ్చిన సొమ్ముతో కొన్నదే ఈ ఇల్లు. ఆ తర్వాతి తరాలు కలకత్తా జూటు మిల్లులు, ఆ తర్వాత సూరత్ మరమగ్గాలు. సూరత్‌లో గంజాం వాళ్ళు ఎంతమంది అంటే బరంపురం స్టేషన్లో అటువెళ్ళే బండి వచ్చిందంటే ప్లాట్‌ఫారం మీద అడుగు పెట్టలేం. ఇలా మనిషి ఒకచోట, కుటుంబం ఒకచోట ఉన్నప్పుడు ఉమ్మడి ఇల్లు అనేది ముచ్చట కాదు, అవసరం. పెళ్ళాం పిల్లల్ని ఎవరికి అప్పజెప్పి పోతాడు?

అయితే పంపిన డబ్బు ఏ దారిన ఇంటికొచ్చేదో గమనించాలి. మనియార్డరు తండ్రి పేరున వచ్చేది. పోస్టుమాన్ అరుగు మీద కూచుని ఆయన సంతకమో వేలిముద్రో తీసుకుని నోట్లు లెక్కపెట్టి ఇచ్చేవాడు, కోడలు తలుపు వెనక నుంచి చూసేది. తన మొగుడు ఎంత పంపాడో ఆమెకి తెలిసేది, తన చేతికి మాత్రం అడిగితేనే వచ్చేది, చీరకి ఒకసారి, పిల్లాడి మందుకి ఒకసారి. ఇంటి పెద్దకి కర్త అనే హోదా శాస్త్రంలోంచి వచ్చిందంటారు గానీ, నా లెక్కలో ఆ హోదాని రోజువారీ నిలబెట్టింది పోస్టుమాన్. 2016లో యూపీఐ వచ్చింది, తర్వాత రెండు మూడేళ్ళలో ఫోన్‌పే అందరి చేతుల్లోకీ వచ్చింది. మా చిన్న మరిది సూరత్ నుంచి పంపే డబ్బు ఇప్పుడు నేరుగా అతని భార్య ఫోన్లో టింగుమంటుంది. అత్తయ్యకి ఆ శబ్దం వినిపిస్తుంది, అంకె కనిపించదు. చిన్న తోడికోడలు అందులోంచి నెలకింత అని అత్తయ్య చేతిలో పెడుతుంది, బాగానే పెడుతుంది, కానీ ఇచ్చేదెవరు, పుచ్చుకునేదెవరు అన్నది తిరగబడింది. ఒడిశాలో 2024 సెప్టెంబరులో మొదలైన సుభద్ర పథకం డబ్బు కూడా, 21 నుంచి 60 ఏళ్ళ ఆడవాళ్ళకి ఏడాదికి 10,000, నేరుగా వాళ్ళ ఖాతాలోనే పడుతుంది. మొత్తంగా చూస్తే పెద్దదేమీ కాదు, కానీ అరుగు మీదుగా రాని డబ్బు.

ఇంకో మాట కూడా డబ్బు దగ్గర తరచుగా వింటాం: "ఉమ్మడి డబ్బుతో చదివించాం కాబట్టి వాడి జీతంలో అందరికీ వాటా ఉంది." ఒకప్పుడు ఇది నిజంగానే కోర్టుల దాకా వెళ్ళిన వాదన. దాన్ని తేల్చడానికే 1930లో ఒక చట్టం చేశారు, చదువు వల్ల వచ్చిన సంపాదన చదువుకున్నవాడి సొంతం, ఆ చదువుకి ఖర్చుపెట్టింది ఉమ్మడి కుటుంబమే అయినా సరే. చట్టం తేల్చింది గానీ మనసులు తేల్చుకోలేదు, తొంభై ఏళ్ళు దాటినా ఈ మాట పెళ్ళిళ్ళలో వినిపిస్తూనే ఉంటుంది. నిజం చెప్పాలంటే మా ఆయన ఐటీఐ ఫీజు కట్టింది బావగారే, అందుకే ఆ చట్టం గురించి నేను ఇంట్లో ఎత్తను.

ఇప్పుడు భాష సంగతి, ఇది మా సరిహద్దు ఇళ్ళకే ఉన్న చిక్కు. 1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరే రాష్ట్రమైనప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న బరంపురం ఇటు వచ్చింది, ఇచ్ఛాపురం అటే ఉండిపోయింది. మధ్య పాతిక కిలోమీటర్లు కూడా ఉండదు. పెళ్ళిళ్ళు మాత్రం గీత చూసుకోలేదు, కోడళ్ళు సోంపేట నుంచి, పలాస నుంచి, టెక్కలి నుంచి వస్తూనే ఉన్నారు. అంటే ఒకే ఇంట్లో ఒడియా మీడియంలో చదువుకున్న మొగుళ్ళూ, ఒడియా ఒక్క ముక్క రాని పెళ్ళాలూ. ఉమ్మడి ఇంట్లో గోడలకి చెవులుంటాయి కాబట్టి గుట్టుగా మాట్లాడాలంటే చోటు దొరకదు, మా వాళ్ళకి చోటు అక్కర్లేదు, భాష మార్చుకుంటే సరిపోతుంది. నేను కొత్తగా వచ్చిన రోజుల్లో అక్కా బావగారూ తెలుగులో మాట్లాడుతూ మాట్లాడుతూ నేను వంటింట్లోకి రాగానే ఒడియాలోకి దిగేవారు. ఎనిమిది నెలల్లో నాకు మొత్తం అర్థమవడం మొదలైంది. అర్థమవుతున్నట్టు ఇంకో ఏడాది చెప్పలేదు. ఆ ఏడాదిలో నా గురించి విన్నవాటిలో సగం మంచివే, అది నన్ను ఎక్కువ ఇబ్బంది పెట్టింది.

ఇప్పుడు ఆట తిరిగింది. పిల్లలు తమలో తాము ఒడియాలోనే కొట్టుకుంటారు, నానమ్మ దగ్గరికి ఫిర్యాదుకి వచ్చేసరికి తెలుగు వస్తుంది, అదీ సగమే. మా పెద్దాడు అక్కని "పెద్దమ్మా" అంటాడు, బడి స్నేహితుల ముందు "బొడొమా" అంటాడు. ఆవిడ రెండింటికీ పలుకుతుంది.

సరిహద్దు అసలు బాధ పెట్టేది మాత్రం కాగితాల్లో. మా ఇల్లు ఇటు, మామగారి తాతల నాటి రెండెకరాలు ఇచ్ఛాపురం పక్కన అటు. ఇంటి స్థలం పట్టా ఒడియాలో ఉంటుంది, డెసిమిల్ అని రాస్తారు. పొలం పాస్‌బుక్ తెలుగులో, సెంటు అని రాస్తారు. రెండూ ఎకరంలో నూరో వంతే, అయినా పంపకం మాట వచ్చిన ప్రతిసారీ ఎవరో ఒకరు డెసిమిల్ పెద్దదా సెంటు పెద్దదా అని అడుగుతారు, ఆ చర్చ అరగంట.

దానికన్నా ముదురు చిక్కు ఆడపిల్లల వాటా. ఇక్కడ మూడు వేర్వేరు విషయాలు కలిపేసి మాట్లాడతారు, విడదీసి చూడాలి. తండ్రి సొంతంగా సంపాదించి, వీలునామా రాయకుండా పోతే, ఆ ఆస్తిలో కొడుకులతో సమానంగా కూతుళ్ళకీ, భార్యకీ వాటా 1956 హిందూ వారసత్వ చట్టం నుంచే ఉంది. 2005లో వచ్చిందనుకుంటారు చాలామంది, కాదు. మా మామగారు తన జీతంతో కొన్న చిన్న స్థలం ఒకటుంది, దానికి ఈ లెక్క. రెండోది, తాతల నుంచి ఉమ్మడిగా దిగివచ్చిన ఆస్తి, అంటే మా ఇల్లూ పొలమూ లాంటివి. అందులో పుట్టుకతో హక్కు కొడుకులకే ఉండేది. ఆంధ్రప్రదేశ్ దాన్ని ముందే మార్చింది, రామారావు ప్రభుత్వం ఉన్నప్పుడు 1986లో చేసిన సవరణతో 1985 సెప్టెంబరు 5 నాటికి పెళ్ళికాని కూతుళ్ళకు కూడా కొడుకులతో సమాన హక్కు వచ్చింది. ఒడిశాలో అలాంటిదేమీ లేదు, ఇక్కడి ఆడపిల్లలు దేశమంతటికీ చేసిన 2005 సవరణ దాకా, సెప్టెంబరు 9 దాకా, ఆగాల్సి వచ్చింది. మూడోది నివాసపు ఇల్లు. కూతురికి అందులో వాటా ఉన్నా, అన్నదమ్ములు తమలో తాము పంచుకునేదాకా ఇల్లు పంచమని అడిగే వీలు లేదని 1956 చట్టంలోనే ఒక సెక్షన్ ఉండేది. 2005లో దాన్ని తీసేశారు. ఇది చాలామంది అన్నదమ్ములకి ఇప్పటికీ తెలియదు, తెలిసినవాళ్ళు చెప్పరు.

ఇది మా ఇంట్లో ఎలా వచ్చిందో చెప్తాను. మా పెద్ద ఆడపడుచుని ఇచ్చింది ఇచ్ఛాపురం. వాళ్ళ అత్తవారింట్లో పొలం పంచుకున్నప్పుడు ఆవిడ ఆడపడుచు, 1985 నాటికి పెళ్ళికానిది, చట్టం చూపించి వాటా తీసుకుంది. అప్పుడు మా వదిన నెల రోజులు ఆ మనిషిని తిట్టిపోసింది, పసుపు కుంకుమల కింద అంత బంగారం పట్టుకెళ్ళి మళ్ళీ పొలమా అని. ఆ తర్వాత ఒక రోజు ఇక్కడికొచ్చి, కాఫీ తాగి, గ్లాసు కిందపెట్టి, "మరి నాదేటన్నయ్యా?" అని అడిగింది. బావగారికి నోట మాట రాలేదు. పైగా ఆ మధ్యే 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు తీర్పొచ్చింది, 2005 నాటికి తండ్రి బతికున్నాడా లేదా అన్నదానితో పని లేదు, కూతురి హక్కు పుట్టుకతోనే అని. మా వాళ్ళు "నాన్నగారు ఉన్నప్పుడే నోటిమాటగా పంచేశారు" అనే పాత మందు వాడి చూశారు. అదే తీర్పులో దానికీ జవాబుంది. 2004 డిసెంబరు 20కి ముందే రిజిస్టరు కాగితంతోనో కోర్టు డిక్రీతోనో పంపకం అయిపోతే దాన్ని కదపరు, నోటిమాట పంపకాన్ని మాత్రం గట్టి ప్రభుత్వ కాగితాల ఆధారం లేకుండా మామూలుగా ఒప్పుకోరు. ఇంకా పొయ్యి వేరైనంత మాత్రాన, గదులు వేరైనంత మాత్రాన ఆస్తి పంపకం అయినట్టు కాదన్నది కోర్టులు ఎప్పటి నుంచో చెప్తున్న మాట. పంతులమ్మ రాసుకున్న రెండు పొయ్యిలకి తహసీల్ ఆఫీసులో విలువ లేదు.

ఇక్కడ నాకు ఎప్పుడూ నవ్వొచ్చే సంగతొకటుంది. రెండేళ్ళకోసారి చైత్రంలో మా ఊళ్ళో ఠాకురాణి యాత్ర జరుగుతుంది. బుఢీ ఠాకురాణి గుడి వదిలి పుట్టింటికి వస్తుంది, ఆ పుట్టిల్లు దేశీబెహెరా వీధి, తండ్రి స్థానంలో నిలబడేది దేరా నేతవాళ్ళ పెద్ద దేశీబెహెరా. ఉన్నన్నాళ్ళూ ఊరు ఊరంతా ఆడపడుచు వచ్చిందని వేషాలు కడుతుంది, రాత్రిళ్ళు ఘటాలెత్తి వీధులన్నీ తిప్పుతుంది. మా బావగారు ఘటం వస్తుంటే చెప్పులు విడిచి ఎదురెళ్ళే మనిషి. సొంత చెల్లెలు "నాదేటి" అంటే అదే మనిషి పది రోజులు అన్నం సరిగా తినలేదు. చివరికి ఏమైందంటే, పొలంలో వాటా రాసిచ్చారు, ఇంట్లో వాటాకి ఆవిడే హక్కు వదులుకుంటూ కాగితం రిజిస్టరు చేసింది, ఒక షరతు మీద: యాత్రకి వచ్చినప్పుడు వీధి వైపు గది తనది, ఎవరూ ఖాళీ చేయమనకూడదు. ఆ షరతు కాగితంలో లేదు. భువనేశ్వర్లో ఉండే చిన్నావిడ ఇంకా ఏమీ అడగలేదు, అడగలేదు కదా అని మా వాళ్ళు నిశ్చింతగా ఉన్నారు, నేనైతే లేను.

కోడళ్ళ సంగతి వేరు. కోడలికి ఆ ఇంట్లో వాటా లేదు, మొగుడి వాటాయే. కానీ ఉండే హక్కు ఉంది. గృహహింస చట్టం ప్రకారం తను కాపురం చేస్తున్న ఇంట్లోంచి ఆమెని చట్టప్రకారం తప్ప వెళ్ళగొట్టలేరు, ఇల్లు అత్తమామల పేరున ఉన్నా సరే అని 2020 అక్టోబరులో సుప్రీంకోర్టు తేల్చింది. అలాగే తల్లిదండ్రుల, వయసు మళ్ళినవాళ్ళ పోషణ కోసం చేసిన 2007 చట్టం కింద అత్తయ్యలాంటివాళ్ళు కూడా పిల్లలు చూడకపోతే భరణం అడగొచ్చు, చూసుకుంటారన్న షరతు మీద రాసిచ్చిన ఇంటిని, చూడకపోతే వెనక్కి తీసుకోవచ్చు. మా వీధిలో ఒకావిడకి కాగితం రాసేటప్పుడు ఈ షరతు ఒక్క వాక్యం రాయించుకోమని ఎవరూ చెప్పలేదు, ఇప్పుడు కూతురింట్లో ఉంటోంది.

మైల, తద్దినం, ఇలవేల్పు, వీటి గురించి ఎక్కువ చెప్పక్కర్లేదు. ఇవి విడిపోవు. మాటల్లేని అన్నదమ్ములు కూడా తండ్రి తద్దినానికి పక్కపక్కన పీటల మీద కూర్చుంటారు, నువ్వులు అందుకోమని మూడో మనిషితో చెప్పిస్తారు.

2012లో చిన్న మరిదికి పెళ్ళయింది, మూడో పొయ్యి వెలిగింది. అత్తయ్య ఎవరి దగ్గర తినాలన్నది నాలుగు నెలల వంతు. మరుసటి ఏడాది అక్టోబరు 12 రాత్రి, దసరా పండగల్లో, ఫైలిన్ తుఫాను గోపాలపురం దగ్గర తీరం దాటింది. మా పెరటి వైపు రేకులన్నీ ఎగిరిపోయాయి, అంటే రెండు వంటిళ్ళు పోయాయి. మిగిలింది అక్క వంటిల్లు. కరెంటు లేదు, నీళ్ళు లేవు, ఫోన్లు లేవు. పదకొండు రోజులు అందరం అక్క పొయ్యి మీదే తిన్నాం, ఒకే కుండ, అన్నం, పప్పు, తడిసిపోకుండా మిగిలిన అప్పడాలు. బియ్యం ముగ్గురివీ కలిపేశాం, గ్యాస్ ఎవరి సిలిండర్ అయిపోతే వాళ్ళది పక్కన పెట్టి తర్వాతి వాళ్ళది. ఎవరూ రాసుకోలేదు. నేను రాత్రి లాంతరు వెలుగులో గిన్నెలు తోముతుంటే అక్క పక్కన కూచుని, మా వంతు వారాల్లో నేను చేసే చారు తనకి ఇష్టమని చెప్పింది. అప్పుడు చెప్పాల్సిన మాట ఇన్నాళ్ళకా అనుకున్నాను. పదకొండో రోజు సాయంత్రం కరెంటొచ్చింది. వీధంతా ఒక్క అరుపు. మర్నాడు పొద్దున్నే మా ఆయన రేకులవాణ్ణి తీసుకొచ్చాడు, రెండు రోజుల్లో మూడు పొయ్యిలూ మళ్ళీ వెలిగాయి. ఆ పదకొండు రోజులూ ఎంత బాగున్నాయో ఇప్పటికీ అందరం చెప్పుకుంటాం, అలాగే ఉండిపోదామని మాత్రం ఎవరూ అనలేదు. నేనూ అనలేదు.

పోయిన వేసవిలో నూతి మోటారు కాలిపోయింది. ఉమ్మడి గొర్రె పుచ్చి చచ్చిందని ఊరికే అనలేదు, తొమ్మిది రోజులు ఎవరూ మెకానిక్‌ని పిలవలేదు, ప్రతివాళ్ళూ మిగతా ఇద్దరిలో ఒకరు పిలుస్తారనుకున్నారు. పధ్నాలుగు మందికి చేంతాడుతో తోడాం. పదో రోజు నా నడుం పట్టేసి నేనే పిలిచాను, చుట్టించడానికి రెండు వేల ఎనిమిది వందలైంది. తర్వాత అసలు ప్రశ్న వచ్చింది, కొత్త వైరు ఎవరి మీటరుకి కలపాలి? ఇప్పుడు అది మా మీటరు మీద నడుస్తోంది. అక్క నెలనెలా వంద రూపాయలు తెచ్చి పోపులపెట్టె కింద పెట్టి వెళ్తుంది, చేతికి ఇవ్వదు. చిన్నవాళ్ళు ఏమీ ఇవ్వరు. మేమూ అడగం, మా ఫ్రిజ్ పాడై ఏడాదైంది, మా పాలు వాళ్ళ ఫ్రిజ్‌లో ఉంటున్నాయి.